కుంకీ

పలమనేరు దాటినాక, అడవి అంచున
రేకుల షెడ్డు. అందులో గిరిధర.
కర్ణాటక నుంచి లారీలో వచ్చిన మగ ఏనుగు.
ఎడమ దంతం కొసకు ఇత్తడి తొడుగు.
చేలమీద పడే మందను తరమడం దాని ఉద్యోగం.
జీతం రాగిముద్దలు, బెల్లం, ఒక గొలుసు.

నేను జూనియర్ కాలేజీలో చరిత్ర చెబుతాను.
మా బావమరిది చెనిక్కాయ చేను
ఈ నెల్లోనే మూడుసార్లు తొక్కుడు పడింది.
అందుకే ఈ రాత్రి మంచె మీద నేను,
టార్చిలైటు, టపాకాయల సంచి,
దిద్దాల్సిన పేపర్ల కట్ట.

సెకండియర్ గంగరత్న రాసింది:
'సేనాపతి తచాత్ ద్రోహి.'
రెండు మార్కుల ప్రశ్న.
ఎర్ర పెన్ను అక్కడే ఆగింది.

తచాత్ ఏ పుస్తకంలోనూ లేడు.
అలాంటివాళ్ళు చాలామంది ఉండేవారని చెప్పడానికి
నేను అల్లిన మనిషి.
అర్మేనియా కొండల్లో పుట్టాడు,
పారశీక చక్రవర్తి గుర్రపుసాలలో పెరిగాడు.
తూర్పు ఎడారి అంచున పదేళ్ళు హూణులతో పోరాడి
ఒక చెవి అక్కడే వదిలి వచ్చాడు.
పై అధికారి వెహ్‌మిహ్ర్, పారశీకుడు.
ఇనుప వలల కవచాల్లోంచి కళ్ళు మాత్రమే కనబడే రోజుల్లో
ఒకరినొకరు దగ్గుతో గుర్తుపట్టేవాళ్ళు.
పదకొండో ఏడు ఆజ్ఞ వచ్చింది:
మీ కొండల్లో తిరుగుబాటు.
దారులు నీకు తెలుసు. ముందు నువ్వు నడువు.

వెనక ఏనుగులు, వీపున చెక్క బురుజులతో.
మన వైపు అడవుల్లోంచే పోయుంటాయి.
మంచు అంటే ఏమిటో తెలీని పాదాలు.

కుంకీ అనే మాట పారశీకందే అంటారు.
సాయం అని అర్థమట.
సిపాయి కూడా అక్కణ్ణించే నడిచొచ్చాడు.
ఎవరికి సాయమో మాటలో ఉండదు.

మంచె కింద మావటి మాస్తి బీడీ ఎర్రగా ఉంది.
"తన వాళ్ళనే తరుముతున్నానని తెలుస్తాదా దీనికి?"
"తెలీకేం సార్, వాసన ఉంటాది గదా.
పనిలేని రాత్రి గొలుసుతోనే అడవిలోకి ఇడుస్తాం.
మేస్తాది. ఒక్కోపారి ఆ మందలోనే తిరుగుతాది.
తెల్లారి గొలుసు ఈడ్చిన గీత పట్టుకోని పోతాం."
"రాకపోతే?"
"మా నాయన ఏనుగు ఒకటి రాలే.
తొమ్మిది దినాలకు వచ్చింది, గొలుసు లేకుండా.
వచ్చి, కట్టేసే తావులోనే నిలబడింది."

రెండు గంటలప్పుడు వెదుళ్ళు విరిగాయి.
గిరిధర కదిలింది.
చెవి వెనక మాస్తి బొటనవేలు
ఏదో చెప్పింది, నాకు వినబడని భాషలో.
ఎదురుగా ఒంటి దంతం ఏనుగు. టార్చి వేశాను.
రెండు తొండాలు గాలిలో కలిశాయి,
పాత చుట్టాల మాదిరి నోళ్ళు తడుముకున్నాయి.
ఎంతసేపో. నేను అగ్గిపుల్ల గీయడం మరిచాను.
తర్వాత నుదుళ్ళు తగిలిన చప్పుడు,
మట్టిగోడ కూలినట్టు.
మంద వాగు దాటిపోయింది.
చేను సగం మిగిలింది.
మాస్తి గిరిధరను గొలుసుతో అడవిలోకి ఇడిచాడు.

క్లాసులో తచాత్‌ను ఏటి ఒడ్డుదాకా తీసుకెళ్ళాను.
వేకువ, గుర్రం నీళ్ళు తాగుతోంది,
అవతల ఒడ్డున మేనమామ గుడారం.
వెనక వెహ్‌మిహ్ర్ దగ్గు.
అంతలో బెల్లు కొట్టారు.
మిగతాది గంగరత్న పూర్తి చేసింది.
ఎవరికి ద్రోహి అని రాయలేదు.
నేనూ అడగలేదు ప్రశ్నలో.

తెల్లారి మాస్తి వెంట నడిచాను.
మంచు తడిలో గొలుసు గీత
చెనిక్కాయ తీగల్ని చీల్చుకుంటూ పోయింది,
పక్కనే ఇంకో ఏనుగు అడుగులు,
కాసేపు దగ్గరగా, కాసేపు ఎడంగా.
ఒక నీటిగుంట దగ్గర గీత చుట్ట చుట్టుకుంది.
ఇక్కడ నిలబడింది సార్, చానాసేపు, అన్నాడు మాస్తి.
దిద్దని పేపర్లు చంకలోనే ఉన్నాయి.

అతను చేతులు నోటికి అడ్డం పెట్టి పిలిచాడు.
తెలుగు కాదు, కన్నడమూ కాదు.
పొదల వెనక గొలుసు కదిలింది.
ఇటో, అటో.