కళ్ళకు కట్టిన కథ

జుంబెర్ ఫోన్ చేశాడు, రాత్రి పదకొండు దాటాక.
"అక్కా, నీ కథ చదివాను.
ఆ రొట్టె వేడి నాకింకా గుర్తుంది" అన్నాడు.

ఏ రొట్టె?

కుటాయిసీలో కరెంటు లేని మూడో చలికాలం.
నాన్న నడిపే ట్రాలీబస్సు
రియోనీ వంతెన మీద ఎక్కడిదక్కడ ఆగిపోయింది.
అందులోని రాగి దొంగలు పీక్కుపోతారని
తెల్లవార్లూ కాపలా కూర్చున్నాడు,
ఒక్క ప్రయాణికుడూ లేని బస్సుకి డ్రైవరుగా.
ఇంతవరకూ జరిగింది.
డిపో రిజిస్టరులో ఉంది, వెళ్ళి చూశాను.

పొద్దున్నే ఆయన గుమ్మంలోకి వచ్చినప్పుడు
చేతుల్లో ఏముందో
ఏ రిజిస్టరూ రాసుకోలేదు.
నాకు తొమ్మిదేళ్ళు. కిరసనాయిలు పొగలో
సగం నిద్రలో ఉన్నాను.

ముప్పై ఏళ్ళ తర్వాత బల్ల ముందు కూర్చుని
ఆ పేరా ఎంతకీ ముగియక
కోటు లోపల ఒక రొట్టె పెట్టాను.
ఊరికే పెట్టలేదు, వేడిగా పెట్టాను.
మూడో గుండీ దగ్గర కాస్త పిండి కూడా అంటించాను.

కళ్ళకు కట్టినట్టు రాశావన్నారు అందరూ.
కట్టాను, నిజమే.
ముందు నా కళ్ళకే కట్టాను.
ఇప్పుడు ముడి ఎక్కడుందో వేళ్ళకి దొరకడం లేదు.
నాన్న వస్తున్నాడని తలుచుకుంటే చాలు,
నేను కాల్చిన రొట్టె వాసన ముందొచ్చి కూర్చుంటుంది.
దాని వెనక నిలబడ్డ మనిషి కనబడడు.

ఒక్కటి మాత్రం రాయకుండా దాచాను,
ఆ పొద్దుటిదే, గోరంత.
ఎన్ని రాత్రులు ఖాళీ కాగితం చెయ్యి చాచినా ఇవ్వలేదు.
ఇస్తే అది కూడా
బాగుపడిపోతుందని భయం.

"అంచు నాకిచ్చి మెత్తటిదంతా నువ్వే తిన్నావు"
అంటున్నాడు జుంబెర్, పాత కోపంతో.
అంచు సంగతి నేను రాయలేదు.
అప్పటికి వాడికి నాలుగేళ్ళు.

కాదురా, ఆ రొట్టె నేను కల్పించింది, అనబోయాను.
అవతల వాడు గుటక వేసిన చప్పుడు వినబడింది.

"అవును, నేనే తిన్నాను" అన్నాను.
"ఆకలేసింది. ఏమీ అనుకోకు."

"నువ్వెప్పుడూ అంతే" అన్నాడు,
నోటి నిండా రొట్టె ఉన్నవాడిలా.