రెండో టేకు

సిరొంచ దాటినంక, ప్రాణహిత ఒడ్డున తునికాకు కల్లం.
ఫోను రాయికి ఆనిచ్చిన.
మైకు అద్దెది. వెలుతురుకు
మా అమ్మ స్టీలు తాంబాళం.

బానక్క డెబ్బై లెక్కవెట్టి ముడేసింది.
సరిగ్గ అప్పుడే గాలికి మైకు గురగుర.

"అక్కా, మళ్లొక్కసారి."

తలెత్తలే.
"కట్టిన కట్ట ఇప్పితే ఆకు చినుగుతది.
చినిగినదానికి మున్షీ పైసలియ్యడు.
నువ్విస్తవా?"

నా జేబుల మెమరీ కార్డే ఉన్నది.

పొద్దుమీకి ఆమె తెలుగుల చెప్పింది,
మున్షీ మరాఠీల రాసుకున్నడు.
నడుమ యాడనో
రెండు కట్టలు తప్పినయంట.

అది ఫోనుల పడలే.
నేనప్పుడు
మిగిలిన ఇంత ఎండను
తాంబాళంతోని
ఆమె మొఖం మీదికి తిప్పుతున్న.