ఎండ ఎక్కడ నిలబడింది

మొహా రాత్రంతా అద్దాలు కడుగుతాడు.
వర్జజాత్ ఊరి బయట, రాళ్ళు తప్ప మరేమీ మొలవని మైదానంలో
వంపు తిరిగిన అద్దాలు, వరసలు వరసలుగా.
పగలంతా సూర్యుడి వెంట మెడలు తిప్పి తిప్పి
చీకటి పడగానే తలలు వంచుకుంటాయి,
పేలు చూపించుకోడానికి కూర్చున్న పిల్లల్లా.
లారీ మెల్లిగా, బ్రష్షు గుండ్రంగా,
నీళ్ళు కొలిచి కొలిచి.
ఇక్కడ నీళ్ళంటే నేతిబొట్టు.

ఇంజనీరు దుమ్ముమీద దుమ్మెత్తిపోస్తాడు.
"ఇది దొంగ. రోజూ కాస్త ఎండ ఎత్తుకుపోతోంది" అని
తెరమీద గీతలు చూపిస్తాడు.
మొహా తలూపుతాడు.
ఇంత ఎండలో కాస్త పోతే ఏం, అనుకుంటాడు గానీ అనడు.
అతని జీతం ఇచ్చేది ఆ దొంగే.
ఎండకి లెక్కలుంటాయని
ముప్పై ఏళ్ళు వచ్చేదాకా అతనికి తెలీదు.

తెల్లారేసరికి అద్దాల్లో ఏమీ ఉండదు.
వెలుగు వాటిమీద పడి, క్షణం ఆగకుండా
నూనె గొట్టం వైపు వెళ్ళిపోతుంది,
ఎవరినీ పలకరించని పెద్దాఫీసరులా.

ఇంట్లో సంగతి వేరు.
మట్టిమిద్దె నడుమ జానెడు కన్నం.
అందులోంచి దిగే ఎండ పలుపుతాడుతోనే
అతని నాయనమ్మ ఇట్టో రోజుని గుంజకి కట్టేసుకునేది.
తాడు జల్లెడ దగ్గరుంటే మేకలకి నీళ్ళు.
మగ్గం దాటితే పిండి కలపాలి.
పీట దగ్గరికొస్తే టీ.
కళ్ళకి పొరలు కమ్మాక
ఉన్నిదారం రంగు తెలీదు, మునిమనవరాలు తూదా మొహం తెలీదు,
ఆ తాడు మాత్రం తెలిసేది:
నిలువునా, తెల్లగా, లోపల ఏదో ఉడుకుతున్నట్టు.

నా భాషలో ఆ నలుసుకో పేరుంది, త్రసరేణువు.
కిటికీ సందు ఎండలో
కంటికి ఆనే చిట్టచివరి వస్తువు.
బంగారం తూకాలు కూడా అక్కణ్ణుంచే మొదలుపెట్టారట పాతకాలంలో.
ఆ మాట ఇట్టోకి చెబుదామని నోటిదాకా వచ్చింది.
ఆమె నా గ్లాసు ఎక్కడుందో వేళ్ళతో తడిమి
టీ పోస్తోంది. ఊరుకున్నాను.

పోయిన చలికాలం మొహా ఆ కన్నానికి గాజుపలక బిగించాడు.
పిల్లకి దగ్గు. గాలి లేస్తే రొట్టెలో ఇసక కరకర.
పైగా చేతికి అలవాటైన పని.
శుభ్రంగా కోసి, శుభ్రంగా తుడిచాడు.
వెలుగు మునుపటికంటే బాగా వస్తోందని
చూడ్డానికొచ్చిన వాళ్ళందరూ అన్నారు.

ఇట్టో మూడు రోజులు టీ పెట్టలేదు.
నాలుగోరోజు అడిగింది, "ఎండ రావడం మానేసిందా?"
"ఇదుగో అవ్వా, నీ కాళ్ళ దగ్గరే."
చెయ్యి చాపింది.
"వెచ్చగా ఉంది సరే,
ఎక్కడ నిలబడింది?"

ఆ మధ్యాహ్నం ఎవరూ చూడకుండా
గొర్రెబొచ్చు దుప్పటి ఈడ్చుకొచ్చి
కర్రతో ఒక్కటిచ్చింది.
లేచింది.
నిద్రలో తన్నులు తిన్న గాడిదలా
నేలనుంచి కప్పుదాకా ఎండ లేచి నిలబడింది.
తూదా ఎక్కణ్ణుంచో పరిగెత్తుకొచ్చి గుప్పిట పట్టింది,
తెరిచి చూసింది,
మళ్ళీ పట్టింది.
దగ్గింది.

గాజు తీసేస్తానన్నాడు మొహా.
"నోర్ముయ్, పిల్ల దగ్గుతోంటే" అంది ఇట్టో.

ఇప్పుడు పని దిగాక
తోటివాళ్ళంతా గేటు దగ్గర కోట్లు దులుపుకుంటారు.
మొహా దులపడు.
ఏ కొండలు అరిగిన పొడో, ఏ ఎండిన ఏటిదో,
కాలరు మడతలో, జేబుల అడుగున,
భద్రంగా సైకిలెక్కించి ఇంటికి తెస్తాడు
నీరెండ వేళకి.
(నీరెండ అన్న మాటలో నీళ్ళెక్కడివా అని
ఈ ఊరొచ్చాకే ఆలోచించాను.)

తూదాని మేకల దగ్గరికి పంపి, తలుపు చేరవేసి,
గాజు కింద నిలబడి
కోటు ఒక్కసారి, ఒకే ఒక్కసారి విదిలిస్తాడు.
ఇట్టో తలెత్తుతుంది.
"జల్లెడ దగ్గరే ఉందింకా.
పడుకో,
టీకి లేపుతాను."