సర్వే నంబరు 213/2

మా విశ్వవిద్యాలయానికి ఏటా స్థలం పెరుగుతుంది.
ఎవరూ దానం చెయ్యరు, ఎవరూ అమ్మరు.
ధవళేశ్వరం దగ్గర మూడో హెచ్చరిక ఎగరేసిన రాత్రి
గోదారి ఎక్కడో ఒక లంకని కొరుకుతుంది.
తెల్లారేసరికి
నీళ్ళ కింద మాకో కొత్త ఆవరణ.

ప్రవేశ పరీక్ష లేదు.
దరఖాస్తులో ఒకటే గడి:
నది తీసుకున్న భూమి సర్వే నంబరు.
రాశాను. రెండువందల పదమూడు బై రెండు,
ఎకరం పదమూడు సెంట్లు,
గట్టు వార పద్దెనిమిది కొబ్బరిచెట్లు, ఒక మోటారు కొట్టు.
గుమాస్తా చదివి, కళ్ళద్దాల తడి తుడుచుకుని,
"చెట్లు ముందే వచ్చేశాయమ్మా" అన్నాడు.

నిజమే.
ఆడపిల్లల హాస్టలు ముందు వరసగా నిలబడి ఉన్నాయి
మా పద్దెనిమిదీ.
నాలుగోదాని మొదట్లో
దింపు తీసినప్పుడల్లా నాన్న కత్తితో పెట్టిన గంట్లు.
మట్టల మధ్య పిట్టలకి బదులు కట్టుపరిగెలు.
మోటారు కొట్టే గ్రంథాలయం.
అందులో పుస్తకాలన్నీ ఒకప్పుడు మునిగినవే,
బడి హాజరు పట్టీలు, చీటీపాట ఖాతాలు,
ముహూర్తం దాటిపోయిన ఒక శుభలేఖ.
పేజీ తిప్పితే ఒండ్రు రాలుతుంది.
మెస్సులో పనసపొట్టు కూర, చందువా పులుసు.
ఉప్పు మాత్రం ఎవరూ వెయ్యరు,
పోటు వచ్చినప్పుడు అదే దిగుతుంది.

మొదటి పాఠం మంత్రం కాదు, మర్యాద.
ఓలేటి బంగారయ్య మేష్టారు చెప్పేవారు:
"మెరక మీద మంత్రగాళ్ళు ఆజ్ఞలేస్తారు.
ఆగు అంటే గోదారి ఆగదర్రా.
కాస్త ఆగండి, అనాలి.
అప్పుడది వెనక్కి తిరిగి చూసి
ఆయ్, అంటుంది.
ఆ మాట పలికేంత సేపట్లోనే
మీ పని అయిపోవాలి."

అంత సేపట్లో నేను
ఒరుగుతున్న నావని నిలబెట్టాను.
లాకు తలుపు మూయించాను.
ఎదురీదుతున్న పులసని ఆపి
ఎక్కడి నుంచి వస్తున్నారండీ అని అడిగాను,
ఊపిరాడనట్టు చూసి వెళ్ళిపోయింది.
ఉప్పునీటి పేపరు మాత్రం రెండుసార్లు పోయింది.
సముద్రాన్ని అండి అంటే నవ్వుతుంది.

ఆఖరి ఏడు, మౌఖిక పరీక్ష.
ఎదురుగా మూడు కుర్చీలు.
ఒకదాంట్లో మేష్టారు.
ఒకదాంట్లో వైనతేయ పాయ నుంచి పిలిపించిన ముసలి నీటికాకి.
మూడోదాంట్లో ఎవరూ లేరు,
కుర్చీ మాత్రం తడిగా ఉంది.

"గోదారి నీకెంత బాకీ?"

జవాబు నాకు తెలుసు.
పాత ప్రశ్నపత్రాలన్నీ తిరగేశాను.
'ఏమీ లేదండి' అంటే పట్టా.
నాకు ముందు వాళ్ళందరూ ఆ మాటే చెప్పి
నీటి మీద నడుచుకుంటూ వెళ్ళిపోయారు,
చెప్పులు కూడా తడవకుండా.

కానీ నాకు నాన్న గుర్తొచ్చాడు.
వానలో గొడుగు ముడిచి పట్టుకుని
ఒక్కో చెట్టూ ఒరుగుతుంటే
పైకి లెక్కపెట్టిన నాన్న.
పద్దెనిమిది అయ్యాక కూడా
పందొమ్మిది, అని
అక్కడ ఆగిపోయాడు.

"ఎకరం పదమూడు సెంట్లండి" అన్నాను.
నీటికాకి రెక్కలు విదిల్చింది.
మేష్టారు కిటికీకేసి చూశారు.
చాలాసేపటికి
తడి కుర్చీ
"ఆయ్" అంది.

తప్పాను. మూడు మార్కుల్లో.

ఇప్పుడు మండలాఫీసులో
సర్వేయరు వెనక గొలుసు మోస్తాను.
ఎదురు గట్టున మేట వేస్తోంది.
ఎవరి పొలమో, ఏ ఊరి ఇసుకో,
ఇంకా నంబరు పడలేదు.
సెలవు రోజుల్లో తొలి పంటెక్కి వెళ్ళి
ఒక్కదాన్నే కొలుస్తాను.
నిన్నటికి ముప్ఫై ఒక్క సెంట్లు.
గొలుసు రెండో కొస పట్టుకునేందుకు
మనిషెవరూ ఉండరక్కడ.
నీళ్ళలోకి విసిరి
"కాస్త పట్టుకోండి" అంటాను.

బిగుస్తుంది.