రెండు మరల కడియం

బోస్నియా కొండల్లో మా ఊరికి ఒకటే వీధి.
రొట్టెల కొట్లు రెండు.
రెండింట్లోనూ అదే గోధుమపిండి, అదే కట్టెల మంట,
క్యూలు మాత్రం ఎన్నడూ ఒకదాన్నొకటి ఒరుసుకోవు.
బడి ఒకటే, గేట్లు రెండు.
కాఫీ ఒకటే, దాన్ని పిలిచే పేర్లు రెండు.
నేనెటువైపో చెప్పను.
చెప్తే మీరు ఈ కవితని సగమే చదువుతారు.

పైనుంచి వచ్చే అధికారులు దీన్ని ద్వేషమని రాసుకుంటారు.
ద్వేషానికి చాలా ఓపిక కావాలి.
మాకది ఎప్పుడో అయిపోయింది.
ఇది అలసట.
యుద్ధం ముగిశాక మనిషికి
ఏదీ విప్పి చెప్పనక్కర్లేని ఇంకో మనిషి కావాలనిపిస్తుంది.
"ఆ నవంబరులో" అంటే ఏ నవంబరో తెలిసినవాడు,
తమ్ముడి మాటెత్తితే
"ఏ తమ్ముడు?" అని అడగనివాడు.
అలాంటివాడి పక్కన కూర్చుంటే
భుజాలు వాటంతటవే కిందికి దిగుతాయి.
ఏ గూటి చిలుక ఆ గూటి పలుకే అంటారు గానీ
చిలుక ఆ గూటికే ఎందుకెళ్తుందో ఎవరూ అడగరు.
అక్కడ పలకకపోయినా పరవాలేదు కనక.

గోడ ఎవరూ కట్టలేదు.
కుర్చీలు రోజుకో అంగుళం జరిగాయి, అంతే.
ఇరవై రెండేళ్ళు, నా కుర్చీ కూడా.

మంటలార్పే దళాలూ రెండే.
ఒకరిది జర్మన్లు దానమిచ్చిన పాత బండి,
ఇంకొకరిది తుర్కీ నుంచి వచ్చింది.
ఆగస్టులో కొండమీది కలప మిల్లు అంటుకుంది.
ఏరు కింద, మంట పైన.
జ్వోన్కో గొట్టం డెబ్బై మీటర్ల దగ్గర అయిపోయింది,
రెఫిక్‌ది ఎనభై దగ్గర.
కలిపితే సరిపోయేది.
రెండు కొసలూ ఎదురెదురుగా పట్టుకుని
ఇద్దరు ముసలాళ్ళు నిలబడ్డారు.
ఇత్తడి మూతులు. మరలు కుదరవు.
రెఫిక్ చొక్కా విప్పి చుట్టాడు,
జ్వోన్కో దాని మీద బెల్టు బిగించాడు.
నీళ్ళు నాలుగు వైపులా చిమ్మి వాళ్ళనే తడిపాయి.
మిల్లు తెల్లవారేదాకా నింపాదిగా కాలింది.

నాది లేతు మిషను పని.
మర్నాడు ఎనిమిదింటికి జ్వోన్కో వచ్చాడు,
పాత పేపర్లో చుట్టిన ఇత్తడి మూతితో.
"దీనికి జత చెయ్యి." దేనితో జతో చెప్పలేదు.
ఎనిమిదిన్నరకి రెఫిక్, వేరే పేపర్లో చుట్టి,
అదే మాట.
నేనూ అడగలేదు.
రెండూ బల్లమీద పక్కపక్కన పెట్టి కొలిచాను.
ఒకదానిది ఒత్తు మర, ఒకదానిది వెడల్పు మర.
ఏదీ తప్పు కాదు,
పుట్టినచోట రెండూ చక్కగా బిగుసుకున్నవే.
దేన్నీ అరగదియ్యలేదు నేను.
మధ్యలోకి ఒక కడియం చేశాను,
ఇటు ఆ మర, అటు ఈ మర,
నడుమ చిటికెనవేలంత నునుపు చోటు.
మూడు ఇత్తడి దిమ్మలు పాడయ్యాయి.
నాలుగోది నిలిచింది.

ఎవరి షెడ్డులో ఉండాలని వారం రోజులు గొడవ.
చివరికి నా గుమ్మం పక్క మేకుకి వేలాడింది.
శనివారం శనివారం ఇద్దరూ వచ్చి చూసుకుపోతారు,
అవతలివాడు ఎత్తుకుపోలేదని.
మొదట గ్రీజు గురించి పోట్లాడారు,
గొర్రె కొవ్వా, డబ్బాలోదా అని.
తర్వాత మోకాళ్ళ గురించి, ఎవరివి ఎక్కువ అరిగాయని.
అక్టోబరుకి కూర్చోడానికి స్టూళ్ళు అడిగారు.

రొట్టెల క్యూలు ఇప్పటికీ రెండే.
ఎవరూ పెళ్ళి సంబంధాలు కలుపుకోలేదు.
ఆ కడియానికి ఇంతవరకూ నీళ్ళే తగల్లేదు.

పోయిన శనివారం వాన.
రెఫిక్ మరలని గుడ్డతో తుడుస్తూ
"మా తమ్ముడికి ఇత్తడి వాసనంటే పడేది కాదు" అన్నాడు,
ఎవరితోనూ కాదు.
జ్వోన్కో తల తిప్పాడు.
"ఏ తమ్ముడు?"

రేకుల మీద వాన.
రెఫిక్ గుడ్డ మడిచాడు, మళ్ళీ మడిచాడు.
నేను లేతు ఆపేశాను.