తిరిగి చదవండి

డులూత్ కోర్టు, మూడో అంతస్తు.
కిటికీ అవతల సరస్సు గట్టుదాకా గడ్డకట్టింది.
నా పని వేళ్లతో వినడం.
ఇరవై రెండు మీటలు, పంతొమ్మిదేళ్లు.
ఎవరి మాటకూ ముఖంలో మార్పు రానివ్వలేదు.

ఇవాళ్టి కేసు పాతదే.
గుట్టమీది ప్రభుత్వ ఇళ్ల టవరు,
ఎనభై నాలుగు గడపలు, ఒక బాయిలరు.
అక్టోబరు తొమ్మిదిన జడ్జి టాలెఫ్‌సన్ ఉత్తర్వు:
ముప్ఫై రోజుల్లో వేడి రావాలి.
ఇప్పుడు ఫిబ్రవరి.

సాక్షి కుర్చీలో ఇంగెబోర్గ్ హౌగెన్, కోటు మీద కోటు.
"ఇక్కడ వెచ్చగానే ఉంది, తీసేయొచ్చు," అన్నాడు గుమాస్తా.
"తీసే అలవాటు పోయింది," అందామె.
హార్డ్‌వేర్ షాపువాళ్లిచ్చిన క్యాలెండరు తెరిచింది.
గడిగడికీ పెన్సిలుతో అంకె, ఫారన్‌హీట్‌లో.
యాభై ఒకటి. నలభై ఎనిమిది. నలభై ఎనిమిది.
ఒక గడిలో అంకె లేదు, కుక్క పేరుంది.
ఎందుకని ఎవరూ అడగలేదు.
అడగని ప్రశ్నకు నా దగ్గర మీట లేదు.

తర్వాత గృహశాఖ డైరెక్టరు లిండ్‌క్విస్ట్.
మంచి మనిషే.
నా కారు మంచులో కూరుకుపోతే ఓసారి తోసిపెట్టాడు.
టెండరు పిలిచామన్నాడు,
ఫైలు నడుస్తోందన్నాడు,
విడిభాగం దారిలో ఉందన్నాడు.
అన్నీ నడుస్తూనే ఉన్నాయి. ఏదీ చేరలేదు.

తెనాలిలో మా సందు గుర్తొచ్చింది.
ఒక వేసవంతా ప్రతి తలుపు మీదా బొగ్గుతో 'రేపు రా'.
దయ్యం రోజూ వస్తుందట, చదువుకుంటుందట,
బుద్ధిగా వెనక్కి పోతుందట.
చదువొచ్చిన దయ్యం, పాపం.
ఈ ఉత్తర్వూ అంతే.
నాలుగు నెలలు ఆ ఆఫీసు తలుపుదాకా వెళ్లి
చదువుకుని తిరిగొచ్చింది.

"రిపోర్టరు గారూ, నవంబరు ఇరవై నాటి జవాబు
తిరిగి చదవండి."

లేచి చదివాను,
అతని మాట, నా యాసలో:
"రెండు వారాల్లో పూర్తిచేస్తాం. నేను హామీ ఇస్తున్నాను."
'నేను' దగ్గర గొంతు తడబడింది.
గది గదంతా నన్నే చూసింది
ఆ మాట ఇచ్చి తప్పింది నేనే అయినట్టు.
ఇంగెబోర్గ్ కూడా.

"ఏ తేదీకి, మిస్టర్ లిండ్‌క్విస్ట్?"

అతను కాగితాలు తిప్పాడు.
గోడవార రేడియేటరు టకటకమంది.
నిబంధన ప్రకారం కొట్టాను: జవాబు లేదు.

ఇది కోర్టు ధిక్కరణే అన్నారు జడ్జి.
బాయిలరు వెలిగేదాకా రోజుకు వెయ్యి డాలర్లు,
రేపటి నుంచి.
రేపటి నుంచి.
ఆ మాటా కొట్టాను.

అందరూ లేచాక,
పైకోటు బొత్తాలు పెట్టుకుంటూ ఇంగెబోర్గ్
ఎవరినీ చూడకుండా అడిగింది:
"ఆ వెయ్యీ మా పన్నుల్లోదేగా?"
నా వేళ్లు కదిలాయి.
మిషను అప్పటికే ఆపేసి ఉంది.