నాలుగున్నర టిక్కీలు

సీసా బల్ల మీద పెట్టాడు.
మూత కింద పాలిథిన్ ముక్క, మూత మీద బురద వేలిముద్ర.
లేబుల్ ఊడదీసి కడిగిన కూల్‌డ్రింక్ సీసాలో
ప్రత్తిపాడు అవతలి బోరు నీళ్ళు,
ఏ మచ్చా లేకుండా, అద్దంలా.

షేక్ నాగుల్ మీరా. ఎకరం మిర్చి. కౌలు.
రిజిస్టరులో రాసుకున్నాను.
మీటరు ముంచితే అంకె కాసేపు ఊగి
పద్దెనిమిది వందల దగ్గర నిలబడింది.
"పద్దెనిమిది వందల పీపీయం."
"అంటే?"
"పది లక్షల పాళ్ళలో పద్దెనిమిది వందల పాళ్ళు ఉప్పు."
ఆయన గోడ మీది ఫ్యాను వంక చూశాడు,
వినపడనివాళ్ళు తలాడించేంత మర్యాదగా.

పదకొండేళ్ళుగా ఈ గుంటూరు గదిలో,
అమరావతి రోడ్డు లారీల మోతలో,
ఆ అంకె రాసి, ముద్ర గుద్ది పంపేస్తున్నాను.
ఆ రోజెందుకో పెన్ను మూత తీశాను.

లీటరుకి పద్దెనిమిది వందల మిల్లీగ్రాములు.
వెయ్యితో భాగిస్తే రెండు గ్రాములకు కాస్త తక్కువ.
"చిటికెడు" అన్నాను.
"చిటికెడేగా!" ఊపిరి వదిలాడు.
బిందెకి? పదిహేను లీటర్లు, ఇరవై ఏడు గ్రాములు.
"మా ఇంటిది పప్పుచారులో వేసేదాని కంటే తక్కువే."
నవ్వాడు. నేనూ నవ్వాను.
అక్కడ ఆపాల్సింది.

"తడికి ఎంత నీళ్ళు పెడతావు బాబాయ్?"
చూపుడువేలి కణుపు చూపించాడు.
"చేలో ఇంత నిలవాల."
కణుపంటే అంగుళం.
ఎకరం మీద అంగుళం నీళ్ళంటే లక్ష లీటర్లు, పైన కొంచెం.
ఆ కొంచెం వదిలేశాను, జాలిపడి.
లక్ష చిటికెలు.
సున్నాలను ఒక్కొక్కటే చెయ్యిపట్టి
ముసలాళ్ళను రోడ్డు దాటించినట్టు దాటించాను:
లక్షా ఎనభై వేల గ్రాములు.
నూట ఎనభై కిలోలు.

ఆయన మొహంలో ఏమీ కదల్లేదు.
కిలోలు కిరాణా కొట్టువి.
మిర్చి యార్డు తూకం వేరు.
నలభైతో భాగించాను.
"నాలుగున్నర టిక్కీలు."

అప్పుడు కదిలింది.
మొహం కాదు, ముందు భుజం.
ఎన్నేళ్ళో టిక్కీలు మోసిన ఎడమ భుజం
ఓ బెత్తెడు కిందికి దిగింది.

"ఒక్క తడికా?"
"ఒక్క తడికి."
"పది తడులు పెడతా తల్లీ నేను."
ఆ లెక్క నన్ను చెయ్యనివ్వలేదు.
పెదాలు కదిపి తనే చేసుకున్నాడు.
"నలభై అయిదు."
కాసేపాగి,
"నిరుడు నాకు దిగింది ముప్పై ఎనిమిదేనే."

వానకి కొంత కొట్టుకుపోతుందన్నాను, జిప్సం అన్నాను,
కాలవ నీళ్ళు కలిపి పెట్టమన్నాను.
వింటున్నాడో లేదో.
సీసాను కిటికీ వెలుతురుకి ఎత్తి పట్టుకున్నాడు.
"కనపడదే!"
"కరిగింది కదా బాబాయ్."
"కరిగిందంటే పోయిందనుకున్నా."

రిపోర్టులో దానికి గడి లేదు.
అడుగున ఖాళీలో చేత్తో రాసిచ్చాను:
తడికి, ఎకరానికి, నాలుగున్నర టిక్కీలు.
ఆఫీసు కాపీలో దాని చుట్టూ
ఎర్ర సిరా సున్నా ఒకటి వచ్చింది మర్నాడు.
పక్కన పైవారి ప్రశ్న: ఇదేం యూనిట్?

ఇంకా జవాబు రాయలేదు.